దుప్పటి కింద ఆఖరి పాఠం

మా చిన్నప్పుడు... కిరండూల్ రైల్వే క్వార్టర్లో మా కంప్యూటరంటే ఒక కీబోర్డు, అంతే. దాన్ని టీవీకి తగిలించి క్యాసెట్ గుచ్చితే పాఠాలొచ్చేవి... ముప్పై టైపింగు పాఠాలు, మధ్యమధ్య లెక్కల ఆటలు. ఏదీ గుర్తుంచుకోదు. ఆపితే మళ్లీ మొదటి పాఠమే.

నాన్న ఇనుప ఖనిజం గూడ్సు మీద గార్డు. "ఆకరి పాఠం నా కళ్లతో సూసినాకే నిన్ను జగదల్‌పూర్ పంపుతాను" అన్నారు. అక్కడ పిన్ని ఇంట్లో ఉండి, వేసవిలో కంప్యూటర్ క్లాసుకి వెళ్లాలని నా ఆశ. పేరు ఇవ్వడానికి సోమవారమే ఆఖరు.

ఆదివారం పొద్దున్నే కూర్చున్నాను. మధ్యాహ్నానికి ముప్పై పాఠాలూ పూర్తి. ఆఖరి పాఠం అయిందని తెర మీద పూలు రాలుతున్నాయి... నాన్న మాత్రం రాలేదు. గూడ్సు బండికి టైమెక్కడిది? టీవీకీ గుమ్మానికీ మధ్య ఎన్నిసార్లు తిరిగానో.

"కాలు కాలిన పిల్లిలాగ ఏటే ఆ తిరుగుడు, కూకో" అంది అమ్మ.

అంతలో ఖనిజం బండి పోయింది, ఎర్ర దుమ్ము లేచింది. దుమ్ము లేస్తే కనిపించినవన్నీ కప్పేయడం మా కాలనీలో చేతికి అలవాటు. స్విచ్ ఆపకుండానే మందపాటి దుప్పటి తెచ్చి టీవీ, కీబోర్డు, వేడెక్కిన అడాప్టరు... అన్నీ కలిపి కప్పేసి, మళ్లీ గుమ్మంలో నిలబడ్డాను.

కాలిన వాసన వచ్చాక అమ్మే స్విచ్ ఆపింది. కీబోర్డు మళ్లీ వెలగలేదు.

నాలుగింటికి నాన్న వచ్చారు. ఎన్నింటికి మొదలుపెట్టానో, ఎన్నింటికి ముగించానో, తర్వాత ఏం చేశానో వరసగా చెప్పాను. ఆయన బూట్లు కూడా విప్పకుండా ఆ పాడైన కీబోర్డు నా ఒళ్లో పెట్టారు.

"కొత్తవలస కాణ్ణించి మన లైను టేషన్లన్నీ కొట్టు. కిందకి సూడకు."

నేను ఆయన మొహం చూస్తూ కొట్టాను. ఆయన నా వేళ్లు చూస్తూ, పెదాలతో ఒక్కో అక్షరం కూడబలుక్కున్నారు. అరకు... కోరాపుట్... జగదల్‌పూర్ రాగానే చెయ్యి అడ్డం పెట్టారు.

"సాల్లే. ఇక్కడ దిగిపో."

ఇప్పుడు మా అమ్మాయి చవక ల్యాప్‌టాప్‌లో పదో తరగతి దాకా పాఠాలు ముందే నింపి ఇచ్చారు. తను ఎక్కడ ఆపిందో ఆ ల్యాప్‌టాపే గుర్తుపెట్టుకుంటుంది, మార్కులూ అదే వేస్తుంది. పొద్దుటినుంచి నాలుగుసార్లు ఆ గదిలోకి వెళ్లొచ్చాను... ఒక్కసారైనా "అమ్మా, చూడు" అంటుందేమోనని. తలెత్తలేదు.

మీరు నేర్చింది చూపించాలని ఎవరికోసం గుమ్మంలో నిలబడ్డారు? రాయండి... నాకీ పూట ఒకచోట కూర్చోబుద్ధి కావడం లేదు.