డాక్టరుగారి అరచెయ్యి

ఆత్మకూరులో ఉండిన మనోవ్యాధుల డాక్టరుగారికి మందు రాయడం చేతకాదని ఒక కుటుంబం ఊరంతా చాటింది. అది అబద్ధమని ఎరిగినవాణ్ణి గనుక ఇది రాసిపెట్టడం నా విధి.

ఉదయగిరిలో మా పొరుగు వ్యాపారస్తుల కోడలు, పసిబిడ్డ పోయిన నాటినుండి మాట్లాడటం మానేసింది. దయ్యం పట్టిందని అత్తగారు వేపమండలతో కొట్టించింది. ఆత్మకూరు డాక్టరుచేత పిచ్చిదనిపించి, ఆమెను శాశ్వతంగా పుట్టింట దిగవిడవాలని అత్తగారి పట్టుదల. తోడు రమ్మంటే నేనూ వెళ్ళాను.

డాక్టరుగారు అందరినీ గుండ్రంగా కూర్చోబెట్టారు. ఒకరి తరఫున మరొకరు నోరు తెరిస్తే అరచెయ్యి అడ్డం పెట్టేవారు. కోడలిని ఏమడిగినా అత్తగారే జవాబు చెప్పబోయేది. ప్రతిసారీ ఆ చెయ్యి లేచేది.

ఆ ఇంట్లో పెద్దల ముందు మగవాడు భార్యతో నేరుగా మాట్లాడరాదు. అందుకే కొడుకు, పక్కనే ఉన్న భార్యవైపు చూడకుండా, “అమ్మా, నీళ్ళు కావాల్నేమో దాన్ని అడుగు” అన్నాడు. ఆ మర్యాద నాకు జుగుప్స కలిగించింది.

చెయ్యి మళ్ళీ లేచింది. “మీ అమ్మతో ఏంది నాయనా? ఆమె పక్కనే ఉండాది గదా, నువ్వే అడుగు.”

అతడు తలవంచుకొని, “నీళ్ళు తాగుతావా?” అన్నాడు.

“బిడ్డ పోయిన పూట గూడా ఇట్లా ఒక్కమాట అడగలేదే మీరు!” అని ఆమె భోరుమంది.

“వారంవారం అందరూ రండి. మందు ఇదే” అన్నారు డాక్టరుగారు.

“సూదన్నా వెయ్యలా. వీడేం డాక్టరు!” అని అత్తగారు బస్సులో దారంతా ఈసడించింది. మరుసటి వారం ఆమె రాలేదు. కొడుకే భార్యను వెంటబెట్టుకొని వెళ్ళాడు; పుట్టింటి ప్రయాణం ఆగిపోయింది.

నా జ్ఞాపకంలో తప్పులుంటే ఎరిగినవారు దిద్దండి. ఆ కోడలి మాట మాత్రం నా చెవులతో విన్నదే.