చెంగల్రాయుడన్న ఇల్లు, నా నెల కంతు

ఈ ఉదయం పక్కింటి గోడకు మేస్త్రీలు పూత మొదలుపెట్టారు. తాపీ గీరుకునే చప్పుడు, నీళ్లు చల్లిన ఇటుకల వాసన మా వసారా దాకా వచ్చాయి. నలభై ఏళ్లకు పైగా ఆ గోడ ఎర్ర ఇటుకలతో అలాగే నిలబడి ఉంది. కట్టించిన చెంగల్రాయుడన్న పోయి ఆరేళ్లయింది. ఆయన భార్య కృష్ణవేణమ్మ ఇప్పుడు తీరుబడిగా పూత వేయిస్తోంది. కాఫీ గ్లాసు పక్కన పెట్టి లోపలికి వెళ్లి పాత డైరీలు దించాను. ఆయన్ని ఎరగనివాళ్ల కోసం నాలుగు మాటలు రాయాలనిపించింది. ఆయన నాకు పని నేర్పినవాడు. బతుకులో నేను ఎవరి మీదైనా మనసారా అసూయపడ్డానంటే అదీ ఆయన మీదే.

చిత్తూరులో భూమి కొలతల ఆఫీసులో ఇద్దరం సర్వేయర్లం. ఆయన నాకంటే ఏడేళ్లు సీనియరు. పొట్టి మనిషి, చొక్కా జేబులో ఎప్పుడూ రెండు పెన్సిళ్లు. నేను ఉద్యోగంలో చేరిన కొత్తలో ఒకసారి చంద్రగిరి దగ్గర అన్నదమ్ముల గట్టు తగాదాకు ఇద్దరం వెళ్లాం. గొలుసు లాగింది నేను, అంకెలు రాసింది నేను, పటం గీసింది కూడా నేనే. నా పటాలు ముత్యాల్లా ఉంటాయని ఆఫీసులో పేరు. తీరా కొలత ముగిశాక అన్నదమ్ములిద్దరూ నన్ను దాటి ఆయన దగ్గరకే వెళ్లారు. "నువ్వు సెప్పన్నా, నువ్వు సెప్తే ఒప్పుకుంటాం" అన్నారు. ఆయన గట్టు మీద కూర్చుని మజ్జిగ తాగుతూ, "నేనేం సెప్పేది? దొరసామి గీసినాడు, హద్దు రాయి యాడుండాదో కాగితమే సెప్తాది" అన్నాడు. ఆ పొగడ్త నాకు ఆనలేదు. కష్టం నాది, నమ్మకం ఆయనకు. బస్సులో తిరిగి వస్తూ ఆయనతో ఒక్క మాటా మాట్లాడలేదు. ఆయన అది గమనించకుండా నా భుజం మీద తల వాల్చి చిత్తూరు దాకా నిద్రపోయాడు.

అప్పటి నుంచి ఆయనకు ఏది దక్కినా నా కళ్లు అటే పోయేవి. తాసిల్దారు ఆయన్ని పేరు పెట్టి పిలిస్తే ఆ రోజు నాకు అన్నం సయించేది కాదు. ఊరి చివర కొత్త లేఅవుట్‌లో ఆయన స్థలం కొన్నాడని తెలిసిన వారానికి నేనూ కొన్నాను. వేరే చోట చవకగా దొరుకుతున్నా ఆయన పక్కనే కొన్నాను. తర్వాత ఇద్దరం ఇల్లు కట్టడానికి గృహ నిర్మాణ సంఘంలో అప్పుకు దరఖాస్తు పెట్టాం. అది డెబ్బై ఆరో సంవత్సరం. స్థలం, కట్టబోయే ఇల్లు తనఖా పెడితే నూటికి పదకొండు వడ్డీకి ఇస్తారు. నెలనెలా కంతు కట్టాలి. పదేళ్ల గడువైనా పెట్టుకోవచ్చు, ఇరవై ఏళ్లదైనా పెట్టుకోవచ్చు.

ఆఫీసు ముందు టీ కొట్టు దగ్గర నా ఇంటి ప్లాను విప్పి ఆయనకు చూపించాను. ముందు పోర్టికో, మూడు గదులు, మొజాయిక్ గచ్చు, మిద్దె మీదికి సిమెంటు మెట్లు. మీద ఏమీ లేకపోయినా మెట్లు మాత్రం ఉండాలనుకున్నాను. ఆయన చాలాసేపు చూశాడు.

"బాగుండాదప్పా. అప్పు ఎంత?"

"ఇరవై అయిదు వేలు. ఇరవై ఏళ్లకు. నెలకు రెండు వందల యాభై ఎనిమిది పడుతుందన్నా."

"నెలకు ఎంతో అడిగినావు. మొత్తానికి ఎంతో అడిగినావా?"

ఆయన జేబులోంచి పెన్సిలు తీసి ప్లాను వెనక గుణించాడు. "దగ్గర దగ్గర అరవై రెండు వేలు. ఒగ ఇంట్లో ఉండేదానికి రెండున్నర ఇండ్ల దుడ్లు పోస్తావు. మొదట్లో కట్టేదంతా వడ్డీకే పోతాది, అసలు కదలదు. రెండు గదులు ఏసుకో సామీ. మిగతాది చేతిలో ఆడినప్పుడు ఏసుకుందువు. నేనయితే పన్నెండు వేలే తీసుకుంటా ఉండా, అదీ పదేండ్లకు."

ఆయన మాటలు ఇప్పుడు రాస్తుంటే ఎంత స్పష్టంగా ఉన్నాయో తెలుస్తోంది. ఆ రోజు నాకు వినబడింది వేరు. ఆ సాయంత్రం డైరీలో నేను రాసుకున్నది ఇది: "నా ప్లాను చూసి చెం.రా.కు కడుపుమంట. ఇకపై ఇంటి విషయాలు ఆయనతో అనవద్దు." మర్నాడు వెళ్లి తనఖా పత్రం మీద సంతకం చేశాను.

ఆయన ఇల్లు నాకంటే రెండు నెలలు ముందే అయిపోయింది. రెండు గదులు, నాపరాళ్ల గచ్చు, బయట పూత లేదు. నా గృహప్రవేశానికి రెండు అరటి గెలలు మోసుకుని వచ్చాడు. మా మేనమామ పోర్టికోలో నిలబడి పక్కకు చూపిస్తూ, "అదేమి రా, కోళ్ల షెడ్డా?" అన్నాడు. చుట్టాలు నవ్వారు. నేనూ నవ్వాను. చెంగల్రాయుడన్న గెలలు కింద పెట్టి, "కోండ్లు గాదు మామా, మేమే ఉండేది. గుడ్లు మాత్రం అడగొద్దు" అన్నాడు. అందరూ ఇంకా గట్టిగా నవ్వారు, ఈసారి ఆయనతో కలిసి. నా ఇంటి నెత్తిన కట్టిన దిష్టిబొమ్మను చూసి, "దాని మొగం రోంత నా కొంప దిక్కు తిప్పప్పా. నా ఇంటికి దిష్టి పెట్టేవాడు యాడా దొరకడంల్యా, అదన్నా సూడనీ" అన్నాడు. ఆ దిష్టి పెట్టేవాడు తన ఎదురుగా పట్టు పంచె కట్టుకుని నిలబడి ఉన్నాడని ఆయనకు తెలియదు.

మూడేళ్లు గడిచాయి. నా చేతికి వచ్చే జీతంలో ఇంచుమించు సగం కంతుకే పోయేది. వసంత, నా భార్య, మిషను కుట్టి నెలకు ఎనభై, తొంభై తెచ్చేది. దానితోనే పాలు, కూరగాయలు. ప్రతి నెలా కంతు కట్టిన తేదీ, రసీదు నంబరు డైరీలో రాసేవాణ్ణి. ఒక్క నెల తప్పలేదు. రసీదు మీద కట్టిన మొత్తం తప్ప అందులో అసలు ఎంత, వడ్డీ ఎంత అని ఉండేది కాదు. నేనూ అడగలేదు. కట్టిన అంకె పెరుగుతూ ఉంటే మిగిలిన అంకె తరుగుతూ ఉంటుందని నమ్మాను.

ఆ ఏడు వసంత, కృష్ణవేణమ్మ కలిసి తిరుపతిలో టీచర్ ట్రెయినింగుకు దరఖాస్తు పెట్టారు. ఇద్దరికీ సీటు వచ్చింది. ఉత్తరాలు ఒకే రోజు వచ్చాయి. వసంత తన ఉత్తరాన్ని రెండు రోజులు మిషను సొరుగులో పెట్టుకుని మూడో రోజు నా ముందు పెట్టింది.

"రెండేండ్లే కదండీ. పాపను మా అమ్మ సూసుకుంటానంటా ఉండాది."

"హాస్టలు ఖర్చు? మిషను డబ్బు ఆగిపోతే కంతు ఎట్లా?"

"సొసైటీలో ఒకమాట అడిగి సూడండి. రెండేండ్లు రోంత తగ్గిస్తారేమో."

నేను అడగలేదు. అడిగితే సంఘంలో తెలుస్తుంది, అక్కడి నుంచి ఆఫీసులో తెలుస్తుంది, టీ కొట్టు దగ్గర ఆయన చెప్పిందే నిజమని ఒప్పుకున్నట్టవుతుంది. ఆదివారం ఆయనే వచ్చాడు. పోర్టికోలో నిలబడే అన్నాడు: "వసంతమ్మ హాస్టలు దుడ్లు నేను సర్దుతా దొరసామీ. నీకు వీలయినప్పుడు ఇయ్యి. ఆడోళ్లిద్దురూ జతగా పోయొస్తారు."

"మా ఇంట్లో ఆడవాళ్లు ఉద్యోగం చేయాల్సిన అవసరం లేదన్నా" అన్నాను.

లోపల మిషను చప్పుడు ఆగింది. ఆయన ఒకసారి తలుపు వైపు చూసి, తల వంచుకుని వెళ్లిపోయాడు. కాసేపటికి మిషను మళ్లీ మొదలైంది.

కృష్ణవేణమ్మ ఒక్కతే తిరుపతికి వెళ్లింది. ఆ రెండేళ్లు చెంగల్రాయుడన్న పొద్దున్నే లేచి సంగటి కెలికి, కొడుకును బడికి పంపి, ఆఫీసుకు వచ్చేవాడు. ఒక్కోరోజు ఆయన మోచేతికి రాగిపిండి అంటుకుని ఉండేది. నేను అది చూసి లోపల నవ్వుకునేవాణ్ణి. తర్వాత ఆమెకు పక్క ఊరి బడిలో ఉద్యోగం వచ్చింది. ఉదయం ఎనిమిదికి చేతిసంచీ పట్టుకుని ఆమె మా గేటు ముందు నుంచి బస్సుకు వెళ్తుంటే వసంత ముగ్గు ముందు వంగి ఉండేది. తలెత్తి "పోయొస్తారా ఒదినా" అనేది. ఆ మాట వినబడకుండా నేను వార్తాపత్రిక పెద్దగా విప్పేవాణ్ణి.

ఎనభై మూడులో ఆయన అప్పు తీరిపోయింది. పదేళ్ల అప్పు ఏడేళ్లకే. పత్రాలు తెచ్చుకోవడానికి వెళ్తూ నన్ను తోడు రమ్మన్నాడు. పనిలో పనిగా నాది ఎంత మిగిలిందో చూడమని సంఘం గుమాస్తాను అడిగాను. ఏ పదివేలో ఉంటుందని నా అంచనా. అతను పెద్ద పుస్తకం తిరగేసి, "అసలు ఇరవై ఒక్క వేల మూడు వందల డెబ్బై ఉండాది సార్" అన్నాడు.

"నేను కట్టిందే ఇరవై ఒక్క వేల ఆరు వందలయ్యా!"

"అవును సార్. దాంట్లో పద్దెనిమిది వేల పైన వడ్డీకి పోయింది."

బయట మెట్ల మీద కూర్చుండిపోయాను. ఏడేళ్లలో ఒక్క నెల తప్పకుండా కట్టి నేను తీర్చింది మూడు వేల ఆరు వందలు. చెంగల్రాయుడన్న తన పత్రాలు చంకలో పెట్టుకుని పక్కన కూర్చున్నాడు. జీతం బకాయిలు వచ్చినప్పుడు, కృష్ణవేణమ్మ జీతంలో మిగిలినప్పుడు, ఎంత వస్తే అంత కట్టేవాణ్ణని చెప్పాడు. "ఊరికే కడితే వచ్చే నెలల కంతుల్లోకి ఏసుకుంటారు. అసలుకు జమ చేయమని కాగితం రాసియ్యాల. ప్రతిసారీ రాసిచ్చినా" అన్నాడు.

"నాకు ముందే చెప్పి ఉంటే ఏం పోయేది?" అని అరిచాను. దారిన పోయేవాళ్లు చూశారు.

ఆయనకు కోపం రాలేదు. "సెప్పినా గదప్పా, టీ కొట్టుకాడ. ఆ దినం నీ మొగం సూస్తే, నేను కుళ్లుకుంటా ఉండానని నువ్వు అనుకున్నట్టు అనిపించింది. సరేలే అని ఊరకుండిపోతి. అది నాదే తప్పు. ఇంగోసారి సెప్పాల్సింది."

నన్ను తిట్టి ఉంటే తేలిగ్గా ఉండేది. నా తప్పును ఆయన తన మీద వేసుకున్నాడు. దానికీ నేను అసూయపడ్డాను. అలా అనగలిగిన మనసు నాకు ఎందుకు లేదని.

మొదటి కాగితం ఆయన చెప్తుంటే నేను రాశాను. పెరిగిన జీతంలోంచి నెలకు నాలుగు వందల చొప్పున కడుతూ, కంతు పోగా మిగిలింది అసలుకు జమ చేసుకొమ్మని ప్రతి నెలా రాసిచ్చాను. ఎనభై తొమ్మిదిలో, గడువుకు ఏడేళ్ల ముందే, అప్పు తీరింది. పత్రాలతో ఇంటికి వచ్చి వసంతను కూర్చోబెట్టి అప్పు లెక్కలు వేసిన నోటుబుక్కు చూపించాను. "ఇరవై అయిదు వేలకు యాభై ఒక్క వేల చిల్లర కట్టాం. అలాగే వదిలేసి ఉంటే అరవై రెండు. పది వేలకు పైగా మిగిల్చాను చూడు."

ఆమె పుస్తకం తీసుకుని మొదటి పేజీ నుంచి చివరి దాకా తిప్పింది. మళ్లీ వెనక్కి తిప్పింది.

"దీంట్లో నన్ను యాడ రాసినారు?"

"నిన్నా?"

"నా రెండేండ్ల సదువు. దాని ఎనకాల నెలనెలా రావాల్సిన సంబళం. కృష్ణవేణొదినకు వస్తా ఉండాది గదా. అది యాడ రాసినారు?"

గొంతులో కోపం లేదు. పుస్తకం నా ఒళ్లో పెట్టి, పాలు పొంగుతాయని లేచి వెళ్లింది. ఆమెకు అప్పటికి ఉద్యోగం వయసు దాటిపోయింది. ఆ పుస్తకం చివర ఒక గీత గీసి "వసంత" అని రాశాను. ఎదురుగా వేయడానికి అంకె దొరకలేదు. ఈ రోజుకూ దొరకలేదు.

చాలా ఏళ్ల తర్వాత, ఇద్దరం రిటైరయ్యాక, ఒక సాయంత్రం ఆయన అరుగు మీద కూర్చుని చెప్పేశాను: "నీ మీద చాలా ఏళ్లు కుళ్లుకున్నానన్నా."

"తెలుసులేప్పా" అన్నాడు. "ఈ ఇటుకల కొంప సూసేనా?" అని నవ్వాడు.

"కాదు. అప్పు తీసుకునే ముందు నువ్వు ఒదినను ఏమన్నా అడిగినావా?"

ఆయన ఆలోచించనైనా లేదు. "అడగకుండా ఎట్లప్పా? రెండు గదులయితే నువ్వు సదువుకోవచ్చు, నాలుగయితే కుదరదు, ఏం జేద్దామే అన్నా. సదువుకుంటా అనింది. అంతే."

నేను ప్లాను ఎన్నిసార్లు గీశానో డైరీలో ఉంది. మెట్లకు ఎన్ని బస్తాల సిమెంటు పట్టిందో ఉంది. వసంతను ఏమైనా అడిగినట్టు ఏ పేజీలోనూ లేదు.

ఇప్పుడు ఇంటి అప్పు తీసుకోబోయే కుర్రవాళ్లు ఎవరైనా లెక్క చూసి పెట్టమని నా దగ్గరకు వస్తారు. మొత్తం ఎంతవుతుందో, మొదటి ఏడేళ్లలో అసలు ఎంత తగ్గుతుందో రాసి ఇస్తాను. తర్వాత కాగితం మడిచి చేతిలో పెట్టి, సంతకం చేసే ముందు ఇంటికి వెళ్లి, ఈ కంతు కోసం మీలో ఎవరు ఏం మానుకోవాల్సి వస్తుందో అడిగి రమ్మంటాను. కొందరు నవ్వి వెళ్లిపోతారు. ఒకరిద్దరు రెండోసారి వచ్చారు, తక్కువ మొత్తంతో.

ప్రతి నెలా మొదటి వారంలో కృష్ణవేణమ్మ తన టీచరు పింఛనుకు బ్యాంకుకు వెళ్తుంది. మోకాళ్ల నొప్పులు, తోడు కావాలి. వసంత వెళ్తుంది. ఒకసారి నాకూ అక్కడ పని ఉండి వెనకే వెళ్లాను. కృష్ణవేణమ్మ కౌంటరు దగ్గర కళ్లజోడు సర్దుకుని తన పేరు సంతకం చేస్తోంది. వసంత గోడవార బెంచీ మీద ఆమె చేతిసంచీ ఒళ్లో పెట్టుకుని కూర్చుని ఉంది. భార్యను ఒక్క మాట అడిగి ఇల్లు కట్టి, పోయిన ఆ మనిషి మీద నాకు ఇంకా అసూయే. నా పని చూసుకోకుండానే వెనక్కి వచ్చేశాను.