బొంబాయి నుంచి కబురు తెచ్చిన మనిషి

మా చిన్నప్పుడు... ధర్మాబాద్ అవతల మా ఊళ్ళో, మధ్యాహ్నం బస్సు దిగి ఒకాయన నేరుగా మా వాకిట్లోకొచ్చి నిలబడ్డాడు. ఇస్త్రీ చొక్కా... ఆయన నవ్వితే ఎదుటివాళ్ళూ నవ్వాల్సిందే.

"లక్ష్మి వదినెవు నువ్వేనా? నేను బొంబాయిల మీ ఆయన దోస్తును. ఇద్దరం ఒక్క ఖోలీలనే, ఒక్క రూములనే ఉంటం."

లక్ష్మి మా మేనత్త. మామయ్య మిల్లులో పనికని వెళ్ళి ఏళ్ళు గడిచాయి... కబురే లేదు. అత్త మా ఇంట్లోనే ఉండేది, ఎవరితోనూ పెద్దగా మాట్లాడేది కాదు.

ఆయన కొన్నాళ్ళు మా ఇంట్లోనే తిన్నాడు. "వాన పడితె నీ చేతి జొన్నరొట్టె యాది చేస్తడు వదినె" అనేవాడు. అత్త కొంగు అడ్డం పెట్టుకుని నవ్వేది. ఆమె నవ్వగా నేను చూడటం అదే మొదలు...

వెళ్ళే రోజు గొంతు తగ్గించి, మామయ్య దవాఖానాలో ఉన్నాడని చెప్పాడు. వైద్యానికని అత్త కాళ్ళ వెండి కడియాలు తీసి ఇచ్చేసింది.

తర్వాత మా నాన్న ఎడ్ల కోసం ముఖేడ్ సంతకు వెళ్తే... ఒక ముసలమ్మ అరుగు మీద అదే మనిషి! ఫౌజులో సిపాయిగా ఉన్న ఆమె కొడుకు ముచ్చట్లు చెబుతున్నాడట. నాన్న చొక్కా గల్లా పట్టి నిలదీశాడు. మామయ్యను అతనెన్నడూ చూడలేదు. మా ఊరి చాయ్ హోటల్లో విన్న మాటలతోనే కథంతా అల్లాడు. కడియాలు ఎప్పుడో అమ్మేశాడు.

"నేను చెప్తుంటె వాళ్ళ మొకాలు ఎలుగుతయన్నా... గా జరసేపు నాకు గూడ నిజమే అనిపిస్తది. నాకోసం గట్ల ఎవ్వలు ఎదురుసూడలే" అని ఏడ్చాడట. ఆ ఏడుపైనా నిజమో కాదో, నాన్నకు చివరిదాకా తేలలేదు.

అత్త తిట్టలేదు. "యాది చేస్తడన్నది గూడ అబద్ధమేనా?" అని మాత్రం నాన్నను అడిగింది.

కొన్నేళ్ళకు ఇంకొకాయన వచ్చాడు. నలిగిన బట్టలు, తడబడే మాటలు... "అక్కా, నేను మీ ఆయనతోని మిల్లుల పనిచేసిన. ఆయన... పోయిండక్కా."

"ఇగ నా ఒంటి మీద ఏం లెవ్వు. ఏం పట్కపోతవ్? పో!" అత్త తలుపు వేసేసింది. మంచినీళ్ళు కూడా ఇవ్వలేదు.

పొలం నుంచి వచ్చిన నాన్న విషయం విని, బస్సు దగ్గరికి ఉరికి ఆయన్ని కలిశాడు. ఆయన మామయ్య పెళ్ళినాటి ఉంగరం నాన్న చేతిలో పెట్టాడు. అది తెచ్చి చూపిస్తే అత్త ముట్టుకోలేదు. "గిసుంటివి బజార్ల మస్తు దొర్కుతయి" అంది.

తను పోయేదాకా బొట్టు తీయలేదు. తీయమనే ధైర్యం మాకూ లేకపోయింది...

ఇప్పుడు ఎక్కడున్న మనిషి క్షేమమైనా ఫోనులో క్షణంలో తెలుస్తుంది. ఎండన పడి వచ్చి మరీ కబురు చెప్పేవాళ్ళు లేరు... వస్తే కూర్చోబెట్టే వాకిళ్ళూ లేవు. మీ ఇంటికి అలా వచ్చినవాళ్ళెవరైనా ఉన్నారా? మీవాళ్ళు వాళ్ళను నమ్మారా?