కెమెరా వైపు చూడని అవ్వ

సంగనకల్లులో బళ్లారి బస్సు కోసం ఒక్కడినే కూర్చున్నాను. పొద్దుట్నుంచీ ఎవరితోనూ మాట్లాడలేదు. పక్కన శనక్కాయలమ్మే అవ్వను ఫోటో తీస్తానన్నాను. ఆమె చప్పున తల తిప్పి దారి వైపు చూసింది.

"ఇటు చూడవ్వా."

"కెమెరాలోకి చూడగూడదప్పా. నా చిన్నప్పుడు ఫారిన్ దొర సినిమా తీసేకి వచ్చినాడు. ఎవురో వస్తాండారన్నట్ల దావ పక్కే చూస్తా ఉండమన్యాడు. సగం తీసి పోయినోడు మళ్ల రాల్యా. నా పెండ్లి ఫోటోలో గూడా అట్లే చూస్తాండా."

"ఇంక రాడేమో అవ్వా."

"వస్తే మిగిలింది తీయల్ల గదా. చూపు అట్లే ఉండల్ల."

ఆమె దారి వైపు చూస్తుండగానే ఫోటో తీశాను. ఇంతలో బస్సొచ్చింది. ఎక్కి, కిటికీలోంచి చూశాను. అవ్వ ఇంకా కదలకుండా దారి వైపే చూస్తోంది. ఫోటో తీయడం అయిపోయిందని, ఆ దొరలాగే, నేనూ చెప్పలేదు.