తువ్వాలు విసిరిన అన్న

మొన్న ట్రాయ్ ఊళ్లో మా ఇంట్లో అల్లుడు టీవీలో హెవీవెయిట్ బాక్సింగ్ పెట్టాడు. వస్తాదులిద్దరూ కొట్టుకున్నదానికంటే ఆయాసపడుతూ ఒకరినొకరు వాటేసుకున్నదే ఎక్కువ. విసుగొచ్చి వంటింట్లోకి పోయాను. నాకేదో పెద్ద తెలుసని కాదు గాని, మా పక్కింటాయన పాత ఫైట్లు చూసిన కంటికి ఇవి ఆనవు.

పక్కింటాయన పంతొమ్మిది వందల డెబ్బైల నాటి హెవీవెయిట్ బాక్సర్. తర్వాత ప్రపంచ ఛాంపియన్ అయినవాడితో తలపడ్డ మనిషి. గుమ్మంలో నిలబడితే లోపలికి వెలుతురు రాదు. కొన్నేళ్ల కిందట గుంటూరు నుంచి మా మామగారు వచ్చిన వేసవిలో ఇద్దరికీ జత కుదిరింది. మామగారు రైల్వేలో గార్డుగా రిటైరయ్యారు. ఆదివారం తెలుగు చర్చి నుంచి రాగానే చొక్కా అయినా మార్చకుండా పక్కింటికి పరుగు. వెనకాలే దుబాసీగా నేను, చేతిలో పులిహోర డబ్బా.

ఒక ఆదివారం ఆయన తన ఆఖరి పెద్ద ఫైట్ పెట్టాడు. అబ్బ, ఏం ఆట! అంత బరువు మనిషి మునివేళ్ల మీద తేలిపోతున్నాడు. ఎడమ చెయ్యి ఎప్పుడు వెళ్లి వచ్చిందో తెలియదు, అవతలివాడి తల మాత్రం వెనక్కి పోయేది. తన కన్ను ఒకటి వాచి మూసుకుపోయినా తగ్గలేదు. గెలిచేస్తాడని మేం ముందుకు జరిగి కూర్చున్నామో లేదో, రింగులోకి ఓ తెల్ల తువ్వాలు వచ్చి పడింది. రిఫరీ ఆట ఆపేశాడు.

"చెమట తుడుచుకోమనా?" అన్నారు మామగారు.

నేను ఇంగ్లీషులో అడిగేసరికి పక్కింటాయన మొహం గంటు పెట్టుకున్నాడు. అలా విసిరితే ఓటమి ఒప్పుకున్నట్టట. విసిరింది ట్రైనర్‌గా ఉన్న సొంత అన్నేనట. ఆ రోజు నుంచి అన్నతో మాటల్లేవు. ఆ అన్న గంట దూరంలో టొలీడోలో జబ్బుపడి ఉన్నాడని, కబురు మీద కబురు వస్తున్నా తను వెళ్లనని చెప్పాడు.

మామగారు, "అమ్మాయ్, ఆయనతో చెప్పు. డ్రైవర్‌కి ముందున్న పట్టాలే కనబడతాయి. వెనక పెట్టెలో మంటలొస్తే ఎర్రజెండా ఊపాల్సింది గార్డే. బండి లేటయిందని నన్ను తిట్టినోళ్లున్నారు. పోయేలా ఉన్న తన కన్ను తనకి కనబడదు కదమ్మా, వాళ్ల అన్నకి కనబడింది" అన్నారు.

చెప్పాను.  ఆయన ఆ కన్ను తడుముకుని, అదే కంటితో మమ్మల్ని చూస్తూ కూర్చున్నాడు.

మర్నాడు సాయంత్రం చూస్తే పక్కింటాయన అన్నని చెయ్యి పట్టుకుని కారులోంచి దింపుతున్నాడు. ఇక అన్న ఆ ఇంట్లోనే. రోజూ అదే ఫైట్, తువ్వాలు పడే చోటికి రాగానే ఇద్దరికీ అదే పోట్లాట, మా వంటింటిదాకా వినబడేది.

మంచు పడకముందే అన్న పోయాడు. నలభై ఏళ్లకు పైగా అన్యాయంగా పోయాయే అని నేనంటే, "వేసవంతా మా అన్న నాకు దక్కాడు" అన్నాడు పక్కింటాయన. నాకు ఏడుపాగలేదు. పోయిన కాలాన్ని అంత మర్యాదగా సాగనంపడానికి ఎంత బలం కావాలో!