తెరమీద నడిచిన కొడుకు

బర్మా యుద్ధరంగం నుంచి మా పత్రికకు వార్తలు పంపిన ఆయన సినిమా కెమెరా కూడా పట్టేవాడు. తిరిగొచ్చాక కూడా కెమెరాలోంచి చూస్తున్నట్టు ఒక కన్ను మూసుకునే మాట్లాడేవాడు. నాంపల్లిలో చాయ్ పోసేవాడు "సాబ్, నా ఫొటో గిట్ల తీస్తున్నరా ఏంది?" అని ఆటపట్టించేవాడు.

ఆయన తీసిన యుద్ధదృశ్యాలను అబిడ్స్ టాకీసులో అసలు సినిమాకు ముందు వేసేవారు. అందులో ఒక సిపాయి నవ్వుతూ నడిచిపోతాడు. అతడు చనిపోయాడని ఇంటికి తంతి వచ్చింది. నల్లగొండ వైపు నుంచి వచ్చి పట్నంలోనే ఉండిపోయిన అతని తల్లి రోజూ ఆ ఆటకు వచ్చి కూర్చునేది. ఒకరోజు నాతోపాటు ఆటకు వచ్చిన ఆయనే ఆ బొమ్మ తీశాడని తెలిసి, ఆయన చెయ్యి పట్టుకుంది.

"జర ఆపుమను బిడ్డా. మొఖం నిండ సూడకముందే పోతున్నడు."

"ఆపితే దీపం వేడికి ఫిల్మ్ అంటుకుంటదమ్మా."

"అంటుకుంటే నేను ఆర్పుత. ఆపు!"

ఆయన తట్టుకోలేకపోయాడు. ఆట అయ్యాక సినిమా ఆడించే మిషన్ గదికి వెళ్లి, ఆ కుర్రాడున్న ముక్కంతా కత్తిరించి, మిగిలిన ఫిల్మ్ అతికించి వచ్చాడు. ముక్కను ఆమె చేతిలో పెట్టి "ఇగ నీ కొడుకు నీ తాన్నే ఉంటడు" అన్నాడు. ఆమె దాన్ని మడిచి కొంగున ముడివేసుకుంది.

మర్నాడు తెరమీద మిగతా సిపాయిలందరూ వచ్చారు, పోయారు. ఆమె లేచి నిలబడింది. వెనకవాళ్లు "కూసో అవ్వా!" అని అరిచారు. ఆమె ఆయన దగ్గరికి వచ్చి కొంగుముడి విప్పింది.

"ఇందుల ఉన్నడు గని నడుస్తలేడు. గాడ తెరమీద నడుస్తుండె. మళ్ల గాడనే పెట్టు బిడ్డా."

మడతలు పడి విరిగిన ఆ ముక్క ఇక మిషన్ ఎక్కదని పక్కనున్న నాకే తెలిసిపోయింది. ఆయన రెండు చేతులతో దాన్ని అందుకున్నాడు.

"రేపు రా అమ్మా" అన్నాడు.