పరాగ్వే సారు చెప్పిన మిగతా సగం

ఇన్నేళ్లుగా నేను ఒకరి మోకాలిని మోస్తున్నాను. నాది కాదు. నా దగ్గర ఆట నేర్చుకున్న పిల్లవాడిది. నా మోకాళ్లు బాగానే ఉన్నాయి. పొద్దున్నే కోట చుట్టూ నడుస్తాను. నడిచిన ప్రతిసారీ సిగ్గేస్తుంది, అయినా నడుస్తాను.

గద్వాలలో ఒక కాలేజీకి పీడీగా, అంటే ఆటల సారుగా పనిచేసి రిటైరయ్యాను. పేరు చెప్పను. పేరు చెప్పుకునే ధైర్యమే ఉంటే ఇది ఎప్పుడో చెప్పి ఉండేవాణ్ణి.

పిల్లవాడి పేరు ఆంజనేయులు. అందరికీ అంజి. చీరలు నేసే ఇల్లు వాళ్లది. మా దగ్గర మగ్గం నేలలో తవ్విన గుంత మీద ఉంటుంది. కాళ్లు గుంతలోకి దించి తొక్కాలి. అంజి పొద్దున మగ్గం తొక్కి, సాయంత్రం గ్రౌండుకొచ్చి ఫుట్‌బాల్ ఆడేవాడు. అతను కొట్టిన బంతిని ఆపగలిగే గోల్‌కీపర్ ఈ చుట్టుపక్కల లేడు. నేనేదో నేర్పానని అంటారు గానీ, నేను నేర్పిందేమీ లేదు.

వనపర్తి కాలేజీ పీడీ, నేను ఒకేచోట ట్రైనింగ్ అయినవాళ్లం. అంజి రాకముందు ఎప్పుడు ఆడినా వాళ్లే గెలిచేవారు. ఒకసారి అందరి ముందూ నా భుజం మీద చెయ్యి వేసి, "గుంతల కాళ్లు పెట్టుకొని కూసునెటోళ్లకు ఈ ఆట ఏందన్నా" అన్నాడు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఆ నవ్వు నాకు ఇప్పటికీ అరగలేదు.

ఆ ఏడు కాలేజీల పోటీల్లో ఫైనల్ మాకూ వాళ్లకూ పడింది. అంతకుముందు ఆటలోనే అంజి మోకాలు మెలిపడింది. పక్కకు జారడం నేను నా కళ్లతో చూశాను. సాయంత్రం ఇంటికి వెళ్తే వాళ్లమ్మ ఆముదం రాస్తోంది. నేత ఇళ్లలో మోకాలు నొప్పి అంటే ఎవరూ దవాఖానకు పోరు. మగ్గం తొక్కిన ప్రతివాడికీ, తాతకూ తండ్రికీ ఉన్నదే అనుకుంటారు.

"మగ్గం నొప్పే గదా సారూ?" అని అడిగిందామె.

ఔనమ్మా అన్నాను. నొప్పి గోలీలు కొనిచ్చి వచ్చాను.

ఫైనల్‌కు ముందు రోజు పరాగ్వే సారు వచ్చాడు. దక్షిణ అమెరికాలో పరాగ్వే ఆయన దేశం. పెద్ద పెద్ద క్లబ్బుల్లో ఆడి, చివర్లో కోల్‌కతాలో కొన్నేళ్లు ఆడి, ఆట మానేశాక అక్కడే పెళ్లి చేసుకుని ఉండిపోయాడట. ఊరూరా తిరిగి పిల్లలకు ఆట చెప్పేవాడు. మా ఊరి పెద్దమనిషి ఒకరు పిలిపించారు. ఆయన ఇంగ్లిషులో చెప్తే నేను తెలుగులో చెప్పాలి.

ఆయన తండ్రి చెరకు తోటల్లో కూలి. ఎర్రమట్టిలో చెప్పుల్లేకుండా ఆడాడు. మీసాలు రాకముందే పెద్ద క్లబ్బు పిలిచింది. తర్వాత పక్క దేశం అర్జెంటీనా వాళ్లు తీసుకుపోయారు. అక్కడ ఒక పెద్ద ఆటకు ముందు మోకాలు వాచింది. ఎవరికీ చెప్పకుండా సూది వేయించుకుని దిగాడు. గోలు కొట్టాడు. జనమంతా లేచి నిలబడ్డారు. ఇక్కడిదాకా పొల్లుపోకుండా చెప్పాను.

ఆయన ఆ తర్వాత కూడా చాలాసేపు మాట్లాడాడు. గొంతు తగ్గించి, పిల్లల ముఖాలు ఒక్కొక్కటే చూస్తూ. నేను ఒక్క ముక్కలో ముగించాను. "నొప్పి ఉన్నా ఆడిండు, గెలిచిండు. ఆటగాడంటే గట్లుండాలె."

పిల్లలు చప్పట్లు కొట్టారు. అందరికంటే గట్టిగా అంజి కొట్టాడు. ఆయన తెల్లబోయి నా వైపు తిరిగాడు.

"అంతా చెప్పారా?"

"చెప్పాను."

"మరి చప్పట్లు ఎందుకు?"

"మీ గోలుకు."

ఆయన కాలు కొంచెం ఈడుస్తూ వెళ్లి కుర్చీలో కూర్చున్నాడు. ఆ కాలు పిల్లలందరి కళ్ల ముందే ఉంది. వాళ్లు గోలునే చూశారు. నేను అదే చూపించాను.

మర్నాడు అంజి గోలీలు మింగి ఆడాడు. గోలు కొట్టాడు. ఆట ముగిసే ముందు కిందపడ్డాడు, లేవలేదు. మేము గెలిచాం. ఈల మోగగానే నేను మొదట ఎవరి దగ్గరికి నడిచానో చెప్పనా? వనపర్తి పీడీ దగ్గరికి. చేయి కలపడానికి. అంజి ఇంకా నేల మీదే ఉన్నాడు.

కర్నూలు దవాఖానకు తీసుకుపోయేసరికి చాలా ఆలస్యమైంది. ఆట పోయింది. ఆట పోతే పోయింది, మగ్గం కూడా పోయింది. వంగని మోకాలు గుంతలోకి దిగదు. మా చీరకు అంచు కలవాలంటే పక్కన ఒకరు కూర్చుని అంచు దారం చుట్టిన నాడె అందించాలి. అది కొత్తగా పని నేర్చుకునేవాళ్లు కూర్చునే చోటు. అంజి ఇప్పటికీ ఆ చోటనే కాలు చాపుకుని కూర్చుంటాడు. మగ్గం తమ్ముడు తొక్కుతాడు. నేను వెళ్తే సారూ అంటూ లేవబోతాడు, నేను కూర్చోబెడతాను. ఈ మర్యాద నేనెలా పుచ్చుకున్నానో నాకే తెలియదు. చెప్తే మోకాలు తిరిగొస్తుందా అని నన్ను నేనే అడిగేవాణ్ణి. రాదు గదా అని నేనే జవాబు చెప్పుకునేవాణ్ణి. ఎంత చక్కటి తీర్పు. ముద్దాయీ నేనే, జడ్జీ నేనే.

మొన్న వెళ్లినప్పుడు అంజి తమ్ముడి కొడుకు బూట్లు కట్టుకుంటున్నాడు. మోకాలు వాచి ఉంది. వాళ్లమ్మ వద్దంటోంది. అంజి నవ్వాడు.

"పరాగ్వే సారు సూది ఏపిచ్చుకొని ఆడిండు బిడ్డా. మా సారే చెప్పిండు. ఇగో, అడుగు."

పిల్లవాడు నా వైపు చూశాడు. ఇక నా వల్ల కాలేదు.

"అంజీ, నేను సగమే చెప్పిన," అన్నాను. పరాగ్వే సారు మిగతా మాటలు ఒక్కటీ మరిచిపోలేదు నేను, అన్నీ చెప్పాను. ఆ గోలు తర్వాత ఆయన మళ్లీ సరిగ్గా పరుగెత్తలేదు. క్లబ్బు వదిలేసింది. ఆపైన ఆడిన ఏళ్లన్నీ కుంటును దాచుకుంటూ ఆడినవే. "మోకాలు వాస్తే ఆడకండి. మీ సారు ఆడమన్నా సరే, ఆడకండి." అదీ ఆయన ఆఖరి మాట. మీ సారు అన్నది నన్నే.

మగ్గం ఆగింది. అంజి చేతిలో నాడె అట్లాగే ఉంది. పిల్లవాడి వైపు తిరిగి అన్నాడు.

"బూట్లిప్పురా."

నేను లేచి వస్తుంటే అంజి లేవబోలేదు. సారూ అనలేదు. గడప దాటాక మగ్గం మళ్లీ మొదలైంది.

నేనెందుకు సగంలో ఆపానో అతను అడగలేదు. వనపర్తి పీడీ మాట, నా నవ్వు, ఆ రోజు మొదట ఎవరి చేయి పట్టుకున్నానో, అవేవీ నేను చెప్పలేదు. అతనికి మళ్లీ సగమే చెప్పి వచ్చాను. మిగతా సగం మీకు చెప్పాను. క్షమించమని అతన్ని అడగలేదు, మిమ్మల్నీ అడగను. అంతా చెప్పావా అని ఇప్పుడెవరైనా అడిగితే, చెప్పానని అనగలను. నాకు దొరికిన తేలిక అంతే.